కోవిడ్ ప్రపంచ మరణాల లెక్క: గణాంకాలు ఎలా చదవాలి, మీరే ఎలా లెక్కగట్టాలి

కోవిడ్‌తో ప్రపంచంలో ఎంతమంది చనిపోయారని వెతికితే ఒకచోట 70 లక్షలు, ఇంకోచోట కోటిన్నర, మరోచోట కోటీ 80 లక్షలు అని కనిపిస్తుంది. వీటిలో ఏదీ అబద్ధం కాదు. ఒక్కో అంకె వెనక ఒక్కో ప్రశ్నో, ఒక్కో లెక్కింపు పద్ధతో ఉంది. ఏ ప్రశ్నకు ఏ అంకెను వాడాలో తెలియక అన్నిటినీ ఒకే గంపలో వేయడం వల్లే గందరగోళమంతా. డేటా ఫైలు తెరవడం మొదలు తేలిన అంకెను వాక్యంగా రాయడం వరకు పని ఎలా చేయాలో, ఎక్కడ తప్పటడుగు పడుతుందో ఇక్కడ చెబుతున్నాం. స్ప్రెడ్‌షీట్‌లో కూడికలు, తీసివేతలు వస్తే చాలు.

1. దేన్ని లెక్కిస్తున్నారో ముందు తేల్చుకోండి

కోవిడ్ మరణాలకు మూడు రకాల లెక్కలున్నాయి.

మొదటిది ప్రకటిత మరణాలు. దేశాలు తమ ఆరోగ్య శాఖల ద్వారా ప్రపంచ ఆరోగ్య సంస్థకు పంపిన అంకెల మొత్తం ఇది. 70 లక్షలు దాటిన సంఖ్య ఇదే. ఇందులో చేరాలంటే చాలా దేశాల్లో చనిపోయిన వ్యక్తికి పరీక్ష జరిగి ఉండాలి, ఫలితం పాజిటివ్ రావాలి, ఆ మరణం అధికారుల దాకా చేరాలి, వాళ్లు దాన్ని పైకి పంపాలి. వీటిలో ఏ ఒక్కటి తప్పినా ఆ మనిషి లెక్కలోకి రాడు.

రెండోది మరణ ధ్రువపత్రాల లెక్క. డాక్టరు కారణం రాస్తాడు, ఆ కారణానికి కోడ్ పడుతుంది. అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణ ఐసీడీ-10లో దీనికి రెండు కోడ్‌లు ఇచ్చారు. ల్యాబ్‌లో వైరస్ నిర్ధారణ అయితే యు07.1, లక్షణాలను బట్టి కోవిడ్ అని తేల్చి ల్యాబ్ నిర్ధారణ లేకపోతే యు07.2. ఈ లెక్క నెమ్మదిగా వస్తుంది గానీ మొదటిదానికన్నా గట్టిది.

మూడోది అదనపు మరణాలు. మహమ్మారి రాకపోయి ఉంటే ఎంతమంది చనిపోయేవారో అంచనా వేసి, వాస్తవంగా చనిపోయినవారి సంఖ్యలోంచి దాన్ని తీసేస్తే మిగిలేది. కారణం ఏమని రాశారన్న గొడవ ఇక్కడ లేదు. 2020, 2021 సంవత్సరాలకు ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022 మే 5న ఇచ్చిన అంచనా 1.49 కోట్లు, అవధి, అంటే అసలు సంఖ్య ఉండే అవకాశమున్న పరిధి, 1.33 కోట్ల నుంచి 1.66 కోట్ల వరకు. ఆ రెండేళ్లలో దేశాలు ప్రకటించినవి సుమారు 54 లక్షలే. అమెరికాలోని ఆరోగ్య గణాంకాల పరిశోధన సంస్థ ఐహెచ్ఎంఈ అదే కాలానికి 1.82 కోట్లు అని లెక్కగట్టింది.

మీరు రాసేది మహమ్మారి మోపిన మొత్తం భారం గురించైతే మూడోది వాడండి. ఒక దేశంలో వారం వారం ఉధృతి ఎలా మారిందన్నది చూపాలంటే మొదటిది చాలు. చనిపోయినవారి వయసు, వాళ్లకు ఇతర జబ్బులున్నాయా అన్నది కావాలంటే రెండోదే దిక్కు.

2. "కోవిడ్‌తోనా, కోవిడ్ ఉండగానా?" అన్న వాదనకు ధ్రువపత్రంలోనే జవాబుంది

వాదనలోకి దిగేముందు ధ్రువపత్రం ఎలా ఉంటుందో చూడండి. ప్రపంచ ఆరోగ్య సంస్థ నమూనాలో రెండు భాగాలుంటాయి. మొదటి భాగంలో మరణానికి దారితీసిన గొలుసును పైనుంచి కిందికి రాస్తారు. 2020 ఏప్రిల్‌లో ఇచ్చిన మార్గదర్శకాల పద్ధతిలో అది ఇలా ఉంటుంది:

అ) తీవ్ర శ్వాసకోశ వైఫల్యం – 2 రోజులుగా
ఆ) దానికి కారణం న్యుమోనియా – 10 రోజులుగా
ఇ) దానికి కారణం కోవిడ్-19, పరీక్షలో పాజిటివ్ – 14 రోజులుగా

గొలుసులో అన్నిటికన్నా కింద ఉన్నదే మూలకారణం. గణాంకాల్లోకి వెళ్లేది అదే. షుగర్, గుండె జబ్బు లాంటివి మరణానికి తోడ్పడితే రెండో భాగంలో రాస్తారు. అంటే గుండె జబ్బున్న మనిషి కోవిడ్ న్యుమోనియాతో పోతే అది కోవిడ్ మరణమే. రోడ్డు ప్రమాదంలో చనిపోయిన వ్యక్తికి పాజిటివ్ వచ్చినా మూలకారణం ప్రమాదమే.

చిక్కు ఎక్కడ వస్తుందంటే, రోజువారీ బులెటిన్లు ధ్రువపత్రాల కోసం ఆగవు. బ్రిటన్‌లో మొదట పాజిటివ్ వచ్చిన తర్వాత ఎప్పుడు చనిపోయినా కోవిడ్ మరణంగా లెక్కించారు. 2020 ఆగస్టులో "పాజిటివ్ వచ్చిన 28 రోజుల్లోపు" అని నిర్వచనం మార్చగానే అప్పటి మొత్తంలోంచి 5,377 మరణాలు ఒక్కరోజులో తగ్గిపోయాయి. బెల్జియం ఇందుకు పూర్తి వ్యతిరేకం. వృద్ధాశ్రమాల్లో పరీక్ష జరగకపోయినా అనుమానం ఉంటే లెక్కలో చేర్చింది. అందుకే మొదటి అలలో జనాభాతో పోలిస్తే బెల్జియం పేరు జాబితాల్లో పైన కనిపించింది. నిజాయతీగా లెక్కపెట్టిన దేశం పరిస్థితి ఎక్కువ ఘోరంగా కనిపించడం ఈ గణాంకాల్లో మళ్లీ మళ్లీ ఎదురయ్యే అన్యాయం. రెండు దేశాల ప్రకటిత అంకెలను పక్కపక్కన పెట్టేముందు రెండింటి నిర్వచనాలూ చదవండి.

3. ఫైలు తెరిచాక, కూడికకు ముందు

ప్రపంచ ఆరోగ్య సంస్థ డ్యాష్‌బోర్డు నుంచి దిగే సీఎస్‌వీ (కామాలతో విడదీసిన పట్టిక) ఫైలులో దేశం, తేదీ, కొత్త కేసులు, మొత్తం కేసులు, కొత్త మరణాలు, మొత్తం మరణాలు అనే నిలువు వరుసలుంటాయి. "మొత్తం" అన్న వరుసను ఎప్పుడూ కూడకండి. అది అప్పటివరకు పోగుపడిన సంఖ్య. చివరి తేదీ విలువ ఒక్కటి తీసుకుంటే చాలు.

జాన్స్ హాప్‌కిన్స్ విశ్వవిద్యాలయం ఫైళ్లు పాతవైనా ఇప్పటికీ చాలామంది వాడుతున్నారు. 2020 జనవరి 22 నుంచి 2023 మార్చి 10 వరకే అవి నవీకరణ అయ్యాయి. వాటిలో మూడు ఉచ్చులున్నాయి. తేదీ అమెరికా పద్ధతిలో ఉంటుంది కాబట్టి 3/4/20 అంటే మార్చి 4, ఏప్రిల్ 3 కాదు. చైనా, కెనడా, ఆస్ట్రేలియాలకు రాష్ట్రాలవారీగా వేర్వేరు అడ్డు వరుసలుంటాయి. వాటిని కలిపితేనే దేశం మొత్తం వస్తుంది. ఇక దేశాల పేర్ల మధ్య కోవిడ్ సోకిన డైమండ్ ప్రిన్సెస్ ప్రయాణికుల ఓడ, 2020 ఒలింపిక్స్ కూడా దర్శనమిస్తాయి! దేశాల సంఖ్య ఎక్కువ వస్తోందేమిటని తల పట్టుకోవాల్సిన పనిలేదు.

అవర్ వరల్డ్ ఇన్ డేటా అనే గణాంకాల వెబ్‌సైట్ ఫైలులో ఇబ్బంది ఇంకో రకం. దేశాలతోపాటు "ప్రపంచం", "ఐరోపా", "అధికాదాయ దేశాలు" వంటి మొత్తాలూ అడ్డు వరుసలుగానే ఉంటాయి. కళ్లు మూసుకుని నిలువు వరుసంతా కూడితే ప్రతి మరణం మూడు నాలుగుసార్లు లెక్కకొస్తుంది. వాటి కోడ్‌లు ఆ వెబ్‌సైట్ పేరులోని పొడి అక్షరాలతో (OWID) మొదలవుతాయి కాబట్టి వడపోయడం తేలికే.

ఫైలు మొత్తం దిగిందో లేదో కూడా చూసుకోండి. 2020 సెప్టెంబరు 25 నుంచి అక్టోబరు 2 మధ్య ఇంగ్లండ్‌లో 15,841 పాజిటివ్ కేసులు లెక్కలోకి రాలేదు. పాత ఎక్సెల్ ఫార్మాట్‌లో 65,536 అడ్డు వరుసలకు మించి పట్టకపోవడమే కారణం. మిగిలినవి చప్పుడు లేకుండా తెగిపోయాయి. ఇది ఒక జాతీయ సంస్థకే జరిగింది. అందుకే దించుకోగానే మొదటి తేదీ, చివరి తేదీ, అడ్డు వరుసల సంఖ్య మూడూ రాసిపెట్టుకోండి.

4. ఉన్నట్టుండి ఎగిరిన గీతలు, మైనస్ అంకెలు

ఈరోజు మొత్తంలోంచి నిన్నటి మొత్తం తీసేస్తే రోజువారీ సంఖ్య వస్తుంది. అలా చేయగానే కొన్నిచోట్ల మైనస్‌లు, కొన్నిచోట్ల ఆకాశాన్నంటే గీతలు కనిపిస్తాయి. దాదాపు ఎప్పుడూ అవి కాగితాల్లో జరిగిన మార్పులే, రోగంలో వచ్చిన మార్పులు కావు.

2020 ఫిబ్రవరిలో హుబే ప్రావిన్స్ స్కాన్‌లను బట్టి డాక్టర్లు నిర్ధారించిన రోగులను కూడా చేర్చడంతో ఒక్కరోజులో 14,840 కేసులు పెరిగాయి. ఏప్రిల్ 17న వూహాన్ తన మరణాల సంఖ్యకు 1,290 కలిపి 3,869గా సవరించింది. మే నెలాఖరులో స్పెయిన్ దాదాపు 2,000 మరణాలను తగ్గించుకుంది. అన్నిటికన్నా పెద్దది పెరూ సవరణ: 2021 మే 31న అక్కడి ప్రభుత్వం మృతుల సంఖ్యను 69,342 నుంచి 1,80,764కు మార్చింది. లక్షా 11 వేల మంది ఆ రోజు చనిపోలేదు. పదిహేను నెలలుగా చనిపోయినవారిని ఆ రోజు లెక్కలో చేర్చారంతే.

వీటిని సరిదిద్దేటప్పుడు మూడు మాటలు గుర్తుంచుకోండి.

మైనస్‌ను సున్నా చేయకండి. చేస్తే రోజువారీ సంఖ్యల కూడిక, ఫైలులోని మొత్తంతో సరిపోదు.

సవరించిన మరణాలు ఏయే తేదీలవో దేశం ప్రకటించి ఉంటే ఆ తేదీల్లో వేయండి. ప్రకటించకపోతే, అంతకుముందున్న రోజువారీ సంఖ్యల నిష్పత్తిలో వెనక్కి పంచండి. ఇలా పంచామని కింద రాయండి.

సవరణ ఎందుకు వచ్చిందో తెలియకపోతే ముట్టుకోకండి. గ్రాఫ్‌లో ఆ తేదీ దగ్గర గుర్తు పెట్టి వదిలేయండి.

వారాంతాల్లో ఆఫీసులు మూసి ఉంటాయి కాబట్టి ఆది, సోమవారాల్లో సంఖ్య పడిపోయి మంగళ, బుధవారాల్లో లేస్తుంది. ఏడు రోజుల సగటుతో ఈ ఎగుడుదిగుడు పోతుంది. ఐదు రోజులదో, పది రోజులదో తీస్తే పోదు, ఎందుకంటే అందులో వారాంతం ఒకసారి ఎక్కువ, ఒకసారి తక్కువ పడుతుంది. ఏడో, ఏడు గుణిజమో అయి తీరాలి.

5. జనాభాతో పోల్చడం, మిలియన్ల గొడవ

అంతర్జాతీయ ఫైళ్లలో "మిలియన్‌కు ఇంత" అని ఉంటుంది, మన పత్రికల్లో "లక్షకు ఇంత". మిలియన్ అంటే 10 లక్షలు కాబట్టి మిలియన్‌కు ఉన్నదాన్ని 10తో భాగిస్తే లక్షకు వస్తుంది. 14.9 మిలియన్ అంటే 1.49 కోట్లు. దీన్ని 14.9 కోట్లని రాసిన వార్తలూ ఉంటాయి, కాబట్టి కోట్లలో అంకె చూసినప్పుడల్లా ప్రపంచ జనాభాతో ఒకసారి సరిచూసుకోండి. 2020లో జనాభా సుమారు 780 కోట్లు. 14.9 కోట్లయితే ప్రతి 52 మందిలో ఒకరు చనిపోయి ఉండాలి.

పెరూనే తీసుకుందాం. జనాభా సుమారు 3.3 కోట్లు, అంటే 330 లక్షలు. సవరణకు ముందు 69,342ను 330తో భాగిస్తే లక్షకు 210. సవరణ తర్వాత 1,80,764ను భాగిస్తే 548. దేశం అదే, జనం అదే, చనిపోయినవారూ వాళ్లే. లెక్కపెట్టిన తీరు మారింది.

ఇక్కడితో ఆగితే ఇంకో తప్పు మిగిలిపోతుంది: వయసు. టీకాలు రాకముందు ఈ వైరస్ సోకినవారిలో మరణ శాతం వయసుతోపాటు ఎంత నిటారుగా పెరిగిందో చూడండి. పరిశోధకుల అంచనా ప్రకారం 10 ఏళ్ల వయసులో 0.002 శాతం, 25 ఏళ్లకు 0.01, 55కు 0.4, 65కు 1.4, 75కు 4.6, 85కు 15 శాతం. పాతికేళ్ల మనిషికీ 85 ఏళ్ల మనిషికీ తేడా 1,500 రెట్లు.

దీని ప్రభావం ఏమిటో చిన్న లెక్కతో తేలుతుంది. రెండు ఊహాత్మక దేశాల్లో చెరో లక్షమందికి వైరస్ సోకిందనుకోండి. వయసులు రెండే ఉన్నాయనుకుందాం, 25, 65. మొదటి దేశంలో 65 ఏళ్లవారు 20 శాతం: 20,000లో 1.4 శాతం అంటే 280, మిగతా 80,000లో 0.01 శాతం అంటే 8, మొత్తం 288 మరణాలు. రెండో దేశంలో వారు 3 శాతం: 42, దానికి 10 కలిపితే 52. వైద్యం ఒకేలా ఉన్నా, వైరస్ ఒకటే అయినా మొదటి దేశంలో అయిదున్నర రెట్లు ఎక్కువ. కాబట్టి యువత ఎక్కువున్న దేశంలో మరణాల రేటు తక్కువుంటే దాన్ని వెంటనే ప్రభుత్వ ఘనతగానో, రోగనిరోధక శక్తిగానో రాయకండి. ముందు వయసులవారీగా విడదీసి, రెండు దేశాలకూ ఒకే ప్రామాణిక జనాభాను (ఒకే వయసులవారీ వాటాలను) వేసి మళ్లీ లెక్కగట్టండి.

6. మరణాల శాతం: కింద ఏముందో చూడండి

మరణాలను కేసులతో భాగిస్తే వచ్చేది కేస్ ఫెటాలిటీ రేటు. సోకినవారందరితో, అంటే పరీక్ష చేయించుకోనివారితో కూడా కలిపి భాగిస్తే వచ్చేది ఇన్ఫెక్షన్ ఫెటాలిటీ రేటు. 2020 మార్చి 3న ప్రపంచ ఆరోగ్య సంస్థ డైరెక్టర్ జనరల్ చెప్పిన 3.4 శాతం మొదటి రకం. దాన్ని "సోకితే వందలో ముగ్గురు పోతారు" అని చదివినవారు ఎందరో. అప్పట్లో పరీక్షలు ఆసుపత్రికి వచ్చిన తీవ్ర రోగులకే జరుగుతుండేవి కాబట్టి హారం చిన్నది, శాతం పెద్దది.

అందరికీ పరీక్షలు జరిగిన అరుదైన సందర్భం డైమండ్ ప్రిన్సెస్. ఆ ఓడలో 3,711 మంది ఉంటే 712 మందికి సోకింది. వారిలో చనిపోయింది 2 శాతానికి దగ్గరగా. అదీ ప్రయాణికుల్లో ఎక్కువమంది వృద్ధులు కావడం వల్లే.

మీరు సొంతంగా కేస్ ఫెటాలిటీ గట్టేటట్టయితే ఈరోజు మరణాలను ఈరోజు కేసులతో భాగించకండి. సోకినట్టు తేలడానికీ మరణానికీ మధ్య సాధారణంగా రెండు మూడు వారాలు పడుతుంది. కేసులు పెరుగుతున్నప్పుడు శాతం కృత్రిమంగా తగ్గి, తగ్గుతున్నప్పుడు కృత్రిమంగా పెరుగుతుంది. ఇంటి పరీక్షలు వచ్చాక, 2022 నుంచి, కేసుల సంఖ్యకు అసలు విలువే తగ్గిపోయింది. ఆ తర్వాతి కాలానికి ఈ శాతం గట్టకపోవడమే మంచిది.

7. అదనపు మరణాలు మీరే గట్టండి

అసలు పని ఇదే. అమెరికా గణాంకాలు పూర్తిగా, శుభ్రంగా ఉన్నాయి కాబట్టి వాటితో చేద్దాం. అన్ని కారణాలతో కలిపి అక్కడ సంభవించిన మరణాలు:

2015: 27,12,630
2016: 27,44,248
2017: 28,13,503
2018: 28,39,205
2019: 28,54,838
2020: 33,83,729

మొదటి పద్ధతి, అయిదేళ్ల సగటు. 2015 నుంచి 2019 వరకు కూడి 5తో భాగిస్తే 27,92,885. దీన్ని 2020లోంచి తీస్తే 5,90,844 అదనపు మరణాలు.

బాగానే ఉన్నట్టుంది గానీ పై వరుసను ఇంకోసారి చూడండి. జనాభా పెరుగుతూ, ముసలివాళ్ల సంఖ్య పెరుగుతూ ఉండటంతో ఏటా మరణాలు పెరుగుతూనే వచ్చాయి. సగటు అంటే 2017 నాటి స్థాయి. 2020లో ఏ మహమ్మారీ రాకున్నా అంతకన్నా ఎక్కువమందే చనిపోయేవారు.

రెండో పద్ధతి, వాలు గీత. అయిదు సంవత్సరాలకు -2, -1, 0, 1, 2 అని సంఖ్యలు ఇవ్వండి. ఒక్కో ఏడాది మరణాలను దాని సంఖ్యతో గుణించి కూడి, 10తో భాగించండి. ఏడాదికి 37,937 చొప్పున పెరుగుదల వస్తుంది. 2020 సంఖ్య 3 కాబట్టి సగటుకు మూడు రెట్లు 37,937, అంటే 1,13,812 కలపండి. ఆశించిన మరణాలు 29,06,697. అదనపు మరణాలు 4,77,032. ఎక్సెల్‌లో ఫోర్‌కాస్ట్ ఫంక్షన్ ఇదే పని ఒక్క గడిలో చేస్తుంది. కానీ ఒకసారి చేత్తో చేస్తేనే ఎక్కడ ఏం జరుగుతోందో ఒంటబడుతుంది.

పద్ధతి మారిస్తే లక్షా 13 వేల తేడా! అందుకే "అదనపు మరణాలు ఇన్ని" అన్న వాక్యం పక్కన ఏ పునాది (ఆశించిన మరణాల అంచనా) మీద గట్టారో లేకపోతే ఆ అంకెను నమ్మకండి. ధ్రువపత్రాల్లో కోవిడ్‌ను మూలకారణంగా రాసిన 2020 మరణాలు 3,50,831. వాలు గీత లెక్కకూ దానికీ మధ్య తేడా లక్షా 26 వేలు. మొదటి నెలల్లో పరీక్ష జరగక తప్పిపోయినవి, వైద్యం అందక పోయినవి, ఇతర కారణాలతో పెరిగినవి అందులోనే ఉన్నాయి.

2021కీ అలాగే చేయండి. వాస్తవం 34,64,231, ఆశించినవి 29,44,634, అదనం 5,19,597. రెండేళ్లకు కలిపి దాదాపు 9.97 లక్షలు. ప్రపంచ ఆరోగ్య సంస్థ సంక్లిష్టమైన గణిత నమూనాతో ఇచ్చిన అంచనా 9.3 లక్షల దగ్గర ఉంది. స్ప్రెడ్‌షీట్‌తో ఇంత దగ్గరికి రావడం తక్కువేమీ కాదు.

దేశాలను పోల్చడానికి అదనాన్ని ఆశించినదానితో భాగించి శాతంగా రాయండి. దీన్ని పి-స్కోర్ అంటారు. 2020 అమెరికాకు 4,77,032ను 29,06,697తో భాగిస్తే 16.4 శాతం. "మామూలుగా వంద మంది చనిపోయే చోట 116 మంది చనిపోయారు" అని చెబితే ఎవరికైనా అర్థమవుతుంది.

వారాలవారీగా గట్టేవారికి రెండు హెచ్చరికలు. 2020 లీపు సంవత్సరం, ఒక్క రోజు తేడాకే అమెరికాలో దాదాపు 8,000 మరణాలు. పైగా అంతర్జాతీయ వారాల లెక్కలో 2020కి 53 వారాలున్నాయి. 52 వారాల పునాదితో పోలిస్తే చివరి వారం మొత్తం అదనంగా కనిపిస్తుంది.

8. పునాది ఎలా కూలుతుందంటే

వాలు గీత కన్నా సొగసైన వంపు గీత వాడితే ఇంకా మంచిది కదా అనిపిస్తుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022 మేలో ఇచ్చిన మొదటి అంచనాలో సరిగ్గా అదే బెడిసికొట్టింది. జర్మనీలో 2019లో మరణాలు కొంచెం తగ్గాయి. వంపు గీత ఆ చివరి తగ్గుదలనే పట్టుకుని, 2020, 2021ల్లోనూ తగ్గుతూ పోతాయని సాగదీసింది. ఆశించిన మరణాలు తక్కువ రావడంతో అదనం ఉబ్బి 1,95,000 అయింది. నిపుణులు వేలెత్తి చూపాక పద్ధతి మార్చితే 1,22,000కు దిగింది. స్వీడన్‌కు ఉల్టా జరిగి 11,300 నుంచి 13,400కు పెరిగింది.

కాబట్టి గీతను 2019 అవతలికి సాగదీసి గ్రాఫ్ మీద కళ్లారా చూడండి. ముసలివాళ్లు పెరుగుతున్న దేశంలో ఆశించిన మరణాలు కిందికి దిగుతుంటే ఎక్కడో తేడా కొట్టినట్టే.

9. నమోదే సరిగా లేని చోట

పై పద్ధతి మొత్తం ఒక నమ్మకం మీద నడుస్తుంది: చనిపోయిన ప్రతివారూ ఎక్కడో ఒకచోట నమోదవుతారని. ప్రపంచంలో పదింట నాలుగు మరణాలు నమోదే కావని 2021లో ప్రపంచ ఆరోగ్య సంస్థ తేల్చింది. ఆఫ్రికాలో నమోదయ్యేవి పదింట ఒకటి. అలాంటి చోట పొరుగు దేశాల తీరు, ఆదాయం, పరీక్షల్లో పాజిటివ్ శాతం వంటివాటి ఆధారంగా నమూనా గట్టడం తప్ప మార్గం లేదు. టాంజానియా అయితే 2020 మే నుంచి ఏడాదికి పైగా 509 కేసులు, 21 మరణాల దగ్గరే ఆగిపోయింది. ఫైలులో ఆ గీత చదునుగా ఉంటుంది; రోగం ఆగలేదు, చెప్పడం ఆగింది.

పూర్తి నమోదుకూ, నమోదే లేకపోవడానికీ మధ్యలో భారత్ ఉంది. 2020, 2021లకు ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా 47 లక్షలు; అప్పటి అధికారిక సంఖ్య సుమారు 4.8 లక్షలు. ఆ నమూనా ఇంత పెద్ద దేశానికి పనికిరాదని భారత ప్రభుత్వం అభ్యంతరం చెప్పింది. పౌర నమోదు వ్యవస్థ అంకెలు చూస్తే 2018లో 69.5 లక్షలు, 2019లో 76.4, 2020లో 81.2, 2021లో 102.2 లక్షల మరణాలు నమోదయ్యాయి. జాగ్రత్తగా చదవండి. మహమ్మారి లేని 2019లోనే దాదాపు 7 లక్షలు పెరిగాయి, ఎందుకంటే ఎక్కువమంది నమోదు చేయించుకోవడం మొదలైంది. కాబట్టి 2020లోని 5 లక్షల పెరుగుదలను మహమ్మారి ఖాతాలో వేయలేం. అదే 2021లోని 21 లక్షల పెరుగుదలను నమోదు మెరుగుపడటం ఒక్కటే వివరించలేదు. నమోదు మారుతున్న దేశానికి సంఖ్య ఎంత పెరిగిందని కాక, మామూలుగా పెరిగేదానికన్నా ఎంత ఎక్కువ పెరిగిందని చూడాలి.

10. అదనంలో అన్నీ కోవిడ్ కావు, తగ్గినవీ ఉన్నాయి

అదనపు మరణాలంటే నేరుగా వైరస్ తీసుకున్న ప్రాణాలు, వైద్యం అందక పోయిన ప్రాణాలు కూడి, ఆంక్షల వల్ల నిలిచిన ప్రాణాలు తీసివేయగా మిగిలింది. న్యూజిలాండ్‌లో 2020లో ఈ సంఖ్య మైనస్‌లో ఉంది. సరిహద్దులు మూసి, కోవిడ్‌తోపాటు ఫ్లూను కూడా ఆపేశారు. మైనస్ వచ్చిందని లెక్క తప్పనుకోకండి.

రెండో భాగాన్ని విడిగా చూపాలంటే ఇతర జబ్బుల లెక్కలు తీయండి. ప్రపంచవ్యాప్తంగా కొత్తగా గుర్తించిన క్షయ రోగులు 2019లో 71 లక్షలు, 2020లో 58 లక్షలు. రోగులు తగ్గలేదు, గుర్తించడం తగ్గింది. మలేరియా మరణాలు 2020లో అంతకుముందు ఏడాదికన్నా 69,000 పెరిగాయి; వాటిలో మూడింట రెండొంతులు సేవలు స్తంభించడం వల్లేనని అంచనా. వీటిని అదనపు మరణాలకు కలిపి కూడకండి. చనిపోయినవారు అదనపు లెక్కలో ఇప్పటికే ఉన్నారు.

11. ఆయుర్దాయం తగ్గిందన్న వార్త

2019, 2021 మధ్య ప్రపంచ సగటు ఆయుర్దాయం 1.8 ఏళ్లు తగ్గి 71.4కు చేరిందని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పింది. అమెరికాలో 2020లో 78.8 నుంచి 77.0కు, 2021లో 76.4కు. దీన్ని "ఒక్కొక్కరి జీవితం ఏడాదిన్నరకు పైగా తగ్గింది" అని రాస్తే తప్పు. ఆ ఏడాది ఉన్న మరణాల రేట్లే జీవితాంతం కొనసాగితే ఇప్పుడు పుట్టిన బిడ్డ ఎన్నాళ్లు బతుకుతుందన్నదే ఆ సంఖ్య. రేట్లు మళ్లీ దిగితే అదీ తిరిగి పెరుగుతుంది.

పోయిన ఆయుష్షును అందరికీ పంచితే ఎంతో చూడాలనుకుంటే ఇలా గట్టండి. 1.49 కోట్ల మంది తలా 10 ఏళ్లు కోల్పోయారని ఊహించుకోండి. కేవలం లెక్క కోసమే ఈ 10. మొత్తం 14.9 కోట్ల ఏళ్లు. 780 కోట్లతో భాగిస్తే 0.019 ఏళ్లు, అంటే మనిషికి వారం రోజులు. పది బదులు పదిహేను వేసినా పది రోజులకు కాస్త ఎక్కువ. రెండు అంకెలూ నిజమే, చెప్పేవి వేరు.

12. అంకెను వాక్యంగా రాయడం

రాసేటప్పుడు నాలుగూ ఉండాలి: ఏ కాలం, ఏ నిర్వచనం, ఎవరి అంచనా, ఎంత అవధి. "2020, 2021లో ప్రపంచవ్యాప్తంగా 1.33 కోట్ల నుంచి 1.66 కోట్ల అదనపు మరణాలు సంభవించాయని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022లో అంచనా వేసింది" అంటే చాలు. మధ్య అంకె ఒక్కటే చెప్పి, అదీ చివరి అంకె దాకా కచ్చితంగా రాస్తే లేని కచ్చితత్వం ఉన్నట్టు కనిపిస్తుంది. ఆరోగ్య సిబ్బందినే తీసుకోండి. 2020 జనవరి నుంచి 2021 మే వరకు చనిపోయినవారు 80,000 నుంచి 1,80,000 మధ్య ఉంటారని అంచనా. అదే కాలానికి నేరుగా నివేదికల్లో చేరినవి 7,000 కూడా లేవు. ఇంత వెడల్పైన అవధిని దాచి 1,15,500 అని ఒక్కటే రాయడం పాఠకుణ్ని తప్పుదోవ పట్టించడమే.

2023 మే 5న అంతర్జాతీయ అత్యవసర పరిస్థితి ముగిశాక చాలా దేశాలు అంకెలు పంపడం తగ్గించాయి, కొన్ని మానేశాయి. ఆ తర్వాతి వరుసల్లో ఖాళీ గడులు కనిపిస్తాయి. వాటిని సున్నాతో నింపకండి, ముందు వారం అంకెతోనూ నింపకండి. ఖాళీగానే వదిలి, ఆ వారం ఎన్ని దేశాలు అంకెలు పంపాయో పక్కన ఇంకో నిలువు వరుసలో రాసుకోండి. ప్రపంచ మొత్తం గీత కిందికి దిగుతుంటే ముందు ఆ వరుస చూడండి.